ముప్పై ఒక్క గంటలు

అందె పానకాలరావు తన సైనిక జీవితంలో తొమ్మిది ఉత్తరాలు ఒకే వాక్యంతో రాశాడు.

"మీ వాడు బాధ పడలేదు, మంచు మీద పడిన క్షణంలోనే ప్రాణం పోయింది."

సైన్యంలో ఒక ఆనవాయితీ ఉంది. జవాను పోతే అతని పటాలం అధిపతి తన చేతిరాతతో ఆ ఇంటికి ఉత్తరం రాయాలి. టైపు చేయించకూడదు; గుమాస్తాకు అప్పగించకూడదు. అప్పటికి పానకాలరావు కర్నలు. ఇరవై రెండేళ్ళ క్రితం ఒక గురువారం పగలు పదకొండు గంటలకు, పద్దెనిమిది వేల అడుగుల ఎత్తున ఆయన పటాలం కాపలా కాస్తున్న చౌకీ మీద మంచుచరియ విరుచుకుపడింది. తొమ్మిది మంది ఉన్న ఫైబరు గుడిసె ఆనవాలు లేకుండా కూరుకుపోయింది. ఐదు గంటలు వెతికి ఆపారు. దేహాలు పన్నెండో రోజున దొరికాయి.

ఉత్తరాలు మాత్రం మూడో రోజునే రాయవలసి వచ్చింది. ఐదుగురు తెలుగువాళ్ళు. ఏళ్ళ తరబడి హిందీలో ఆజ్ఞలిచ్చి, ఇంగ్లీషులో నివేదికలు రాసిన చేతికి తెలుగు అందలేదు. దిగువ పట్టణంలో క్వార్టర్సులో ఉన్న భార్య సువర్చలకు ఫోను చేసి, ఏమని రాయను అని అడిగాడు. ఆమె ఆ వాక్యం చెప్పింది. ఆయన రాసుకున్నాడు. అది నిజమా అని ఇద్దరిలో ఎవరూ అడగలేదు. మిగిలిన నలుగురికి ఆయనే దాన్ని హిందీలోకి మార్చాడు.

మంగళగిరిలో మగ్గం గుంటలో కాళ్ళు పెట్టుకొని కూర్చున్న నేతగాని కొడుకు ఆ తర్వాత బ్రిగేడియరు అయ్యాడు, జనరలు అయ్యాడు. ఉత్తరాదివాళ్ళు ఆయనను 'ఆండే సాబ్' అని పిలిచారు. పదవీ విరమణ చేసిన ఏడాదికి రాష్ట్ర ప్రభుత్వం పిలిచి సైనిక స్మృతి శాఖకు కమిషనరుగా కూర్చోబెట్టింది. పోయిన జవాన్ల పతకాలు, కాగితాలు, గుర్తింపు కోసం వారి దేహాల నుంచి తీసి ఉంచిన వెంట్రుకల పొట్లాలు అన్నీ ఆ శాఖ భాండారంలోకి చేరేవి. ఆయన సంతకం లేకుండా ఏ పొట్లమూ విప్పడానికి వీలులేదు.

సైన్యంలో కాగితం కిందికి దిగుతుంది. సచివాలయంలో కాగితం పైకి ఎక్కుతుంది. ఈ తేడా తెలుసుకోవడానికి ఆయనకు రెండేళ్ళు పట్టింది.

*

డాక్టర్ యశోధర తన యంత్రానికి పెట్టిన పేరు వేదనాలేఖిని. ప్రయోగశాలలో మాత్రం అందరూ దాన్ని గీతల పెట్టె అనేవారు. పుట్టుకతో మాట రాని పిల్లలకు ఎక్కడ ఎప్పుడు నొప్పి పెడుతున్నదో తెలుసుకోవడం కోసం ఆమె తొమ్మిదేళ్ళు దానితో కుస్తీ పట్టింది. కమిషనరు గారు చూడడానికి వచ్చిన రోజున ఆమె ఉపన్యాసమేమీ ఇవ్వలేదు.

"ఒక వెంట్రుక ఇస్తారా సార్? కుదురుతో సహా."

"ఉన్నవే నాలుగు. చూసి పీకమ్మా."

గాజుపలక మీద పరిచిన ఆ తెల్లటి పోగు పెట్టెలోకి వెళ్ళింది. కాఫీ తాగి వచ్చేసరికి సన్నటి కాగితం చుట్ట బయటికి వచ్చి ఉంది. దాని మీద కొండల వరుసలాంటి గీత. కింద గంటలు, తేదీలు.

"మొన్న సోమవారం మధ్యాహ్నం మూడింటికి ఏమైంది సార్? గీత ఇంత ఎత్తుకు లేచింది."

"మంత్రిగారితో సమావేశం."

"నేను పన్ను నొప్పి అనుకున్నాను."

"అదీ నిజమే. పన్ను పీకించుకొని నేరుగా అక్కడికే వెళ్ళాను. ఇందులో పన్ను వాటా ఎంత, మంత్రిగారి వాటా ఎంత? నీ పెట్టె చెబుతుందా?"

యశోధర నవ్వింది. "చెప్పదు సార్. శరీరానికి నొప్పి వేరు, భయం వేరు కాదు. రెంటికీ ఒకే రసం ఊరుతుంది. వెంట్రుక గంటకు మిల్లీమీటరులో అరవయ్యో వంతు పెరుగుతుంది కదా, ఆ గంటలో ఊరినది ఆ గంట పొరలో ఇంకిపోతుంది. మేము పొర తర్వాత పొర చదువుతాం, అంతే. ఎంత అన్నది చెబుతాం. ఎందుకు అన్నది మనిషే చెప్పాలి."

"మనిషి లేకపోతే?"

ఆ ప్రశ్న కోసమే ఎదురుచూస్తున్నట్టు ఆమె కుర్చీ ముందుకు జరుపుకుంది. "దాని గురించే మీతో మాట్లాడాలి. మనిషి పోయిన క్షణాన వెంట్రుక పెరగడం ఆగిపోతుంది. చివరి పొర చివరి గంట. మంచులో పోయినవాళ్ళ నమూనాలు మీ భాండారంలో చెక్కుచెదరకుండా ఉన్నాయి. గాయపడ్డ మనిషి చలిలో ఎంతసేపు నిలుస్తాడో ఈ లోకంలో ఎవరికీ సరిగ్గా తెలియదు. తెలిస్తే వెతికేవాళ్ళకు ఎంత ఉపయోగమో మీకు నేను చెప్పాలా?"

"చూద్దాం," అన్నాడు పానకాలరావు. సచివాలయంలో ఆ మాటకు కాదు అని అర్థం. యశోధర ఆ సంగతి ఎరుగదు. సంతోషంగా గుమ్మం దాకా వచ్చి సాగనంపింది.

*

అర్జీలు తీసుకునే రోజున ఒక స్త్రీ వచ్చి బల్ల ముందు నిలబడింది. నలభై అయిదేళ్ళుంటాయి. కొంగుకు అక్కడక్కడా దూది నూగు అంటుకొని ఉంది.

"నేను కాశిం వలి పెండ్లాన్ని సార్. మస్తానమ్మ. గిద్దలూరు కాడ మా ఊరు."

ఆ పేరు ఆమె చెప్పనక్కర లేదు. తొమ్మిది పేర్లూ ఆయనకు వరుసగా వచ్చు.

"కూర్చో అమ్మా."

"కూర్చుంటే మర్చిపోతా. నిలబడే చెప్తా." ఆమె ఊపిరి తీసుకుంది. "మా బాజీ కూడా మిలిటరీలోనే ఉండాడు సార్. ఆరేండ్లయింది. వచ్చే నెల మంచు మీదికి పోతాడంట. మొన్న సెలవుకొచ్చి, నాయన ఎట్టా పొయ్యాడమ్మా అన్నాడు. మీరు రాసిన ఉత్తరం పెట్లోంచి తీసి ఇచ్చినా. వాడు చదివి నవ్వినాడు."

"నవ్వాడా?"

"కంభంలో సుబ్బరాయుడన్న ఇంట్లో కూడా ఇదే ఉందమ్మా, అచ్చరం మారలేదు, అన్నాడు. ఇద్దురూ ఒకే రోజు పొయ్యారు గదరా, ఒకే మాదిరి పొయ్యుంటారు అన్నా. అందురూ ఒకే మాదిరి చావరమ్మా, అన్నాడు." ఆమె గొంతులో కోపం లేదు. ఉన్నా అది ఎవరి మీదో ఆమెకే తెలియనట్టుంది. "ఏందో మిషనొచ్చిందంట గదా సార్, ఎంటిక చూసి చెప్పేది. పేపర్లో ఏసినారు. మా ఆయన ఎంటికలు మీ కాడ ఉండాయంట. చూపించండి."

"తెలుసుకొని ఏం చేస్తావమ్మా?"

"ఏం చేస్తానో తెలిసినాక గదా సార్ తెలిసేది."

ఆయన ఆమె అర్జీ మీద సంతకం చేశాడు. ఆ పక్కనే, పరిశోధన నిమిత్తం అని రాసి, ఆ ఘటనకు చెందిన మిగిలిన నాలుగు తెలుగు పొట్లాలకూ అనుమతి ఇచ్చాడు. అది ధైర్యం కాదు. ఆ వాక్యం నిజమే అయి ఉండవచ్చునన్న ఆశ ఇరవై రెండేళ్ళ తర్వాత కూడా ఆయనలో ఎక్కడో మిగిలి ఉంది. సంతకం పెట్టించినది ఆ ఆశే.

*

ఈసారి యశోధర కాఫీ ఇవ్వలేదు. బల్ల మీద ఐదు చుట్టలు విప్పి, అంచులు కదలకుండా గాజు దిమ్మెలు పెట్టింది.

"ఇది రెండు గంటలు. ఇది ఆరు. ఇది పదకొండు. ఇది పంతొమ్మిది." ఐదో చుట్ట బల్ల చివరను దాటి కిందికి వేలాడుతున్నది. "కాశిం వలిది ముప్పై ఒకటి."

పానకాలరావు కళ్ళజోడు తీసి తుడుచుకొని మళ్ళీ పెట్టుకున్నాడు. "పెట్టె పొరబడవచ్చా?"

"గంట అటూ ఇటూ పడుతుంది సార్. ముప్పై ఒకటిని సున్నా అనదు."

"గుడిసె కూలిపోలేదు," అన్నాడాయన, తనలో తాను మాట్లాడుకుంటున్నట్టు. "పన్నెండో రోజున తవ్వినప్పుడు పైకప్పు నిలబడే ఉంది. లోపల గాలి ఉంది."

"మీరు ఎన్ని గంటలు వెతికారు?"

"ఐదు."

"మంచులో వెతకడానికి నాలుగు గంటల నియమం అంటారు కదా?"

"నియమం తర్వాత వచ్చింది."

ఎలా వచ్చిందో ఆయన ఆమెకు చెప్పలేదు. కారులో కూర్చున్నాక తనకు తాను చెప్పుకున్నాడు.

ఆనాడు ఐదో గంటలో, పై చరియలో బారెడు పగులు కనిపించింది. కింద అరవై మంది తవ్వుతున్నారు. ఆయన వెతకడం ఆపించి అందరినీ వెనక్కి లాగాడు. మరో రెండు గంటలకు ఆ చరియ సరిగ్గా వాళ్ళు తవ్విన చోటే కూలింది. ఆ నిర్ణయానికి ఆయన ఏనాడూ సిగ్గుపడలేదు. ఈ రోజైనా అదే చేస్తాడు.

కానీ నివేదిక రాయవలసి వచ్చేసరికి ఉత్తరాలు వెళ్ళిపోయాయి. ఒక సంగతి రెండు కాగితాల మీద రెండు రూపాల్లో ఉండకూడదన్నది సైన్యం ఆయనకు నేర్పిన మొదటి పాఠాల్లో ఒకటి. ప్రమాదం వల్ల వెతకడం ఆపాము అని రాస్తే, అప్పటికి లోపలివాళ్ళు బతికి ఉండవచ్చునని ఒప్పుకున్నట్టవుతుంది. ఏదో ఒక రోజు ఏదో ఒక ఇంట్లో ఆ రెండు కాగితాలూ పక్కపక్కన చేరవచ్చు. అందుకని నివేదికను ఉత్తరానికి సరిపెట్టాడు. 'తక్షణ మరణం. అన్వేషణ కొనసాగించడం నిష్ప్రయోజనమని నిర్ణయించడమైనది.' కుర్ర డాక్టరు కెప్టెన్ ఒకడు, కర్నలు గారు చూపించిన చోట సంతకం పెట్టాడు.

నాలుగేళ్ళ తర్వాత ఒక సంఘం కూర్చుంది. మంచులో కూరుకుపోయినవారి కోసం ఎంతసేపు ప్రాణాలకు తెగించి వెతకాలి? ముందున్న ఉదాహరణలలో అన్నిటికన్నా వివరంగా రాసినది పానకాలరావు నివేదికే. నాలుగు గంటలు దాటితే అది రక్షణ కాదు, శవాల వెలికితీత అని తీర్మానించారు. ఆ సంఘంలో అప్పటి బ్రిగేడియరు పానకాలరావు కూడా సభ్యుడు. తన సొంత అక్షరాలు తన ముందు నియమమై నిలబడితే ఆయన తల ఊపాడు.

ఒక స్త్రీ ఫోనులో జాలితో చెప్పిన మాట, ఒక మగవాడి చేతిలో నిజమైంది, ఒక సంఘం చేతిలో నియమమైంది. ఈ మధ్యలో ఎక్కడా ఎవరూ అబద్ధమాడదలచుకోలేదు.

*

ఆ ఐదు చుట్టలూ ఇంట్లో ఆయన బీరువాలోకి వెళ్ళాయి. యశోధర రెండుసార్లు ఫోను చేసింది. పరిశీలిస్తున్నాను అన్నాడు. మస్తానమ్మ ఒకసారి చేసింది. ఇంకా రాలేదమ్మా అన్నాడు.

ప్రతిరోజూ ఆయన దగ్గర ఒక మంచి కారణం ఉండేది. ఐదు నమూనాలు చాలవు. యంత్రం కొత్తది. ఇరవై రెండేళ్ళ పాత పుండును రేపడం క్రూరత్వం. సైన్యం విషయంలో రాష్ట్ర అధికారి తలదూర్చడం మర్యాద కాదు. ఆ కారణాలలో ఏదీ అసత్యం కాదు. తనను తాను ఎంత శోధించుకున్నా ఆ కారణాల్లో ఆయనకు ఒక్క అసత్యం దొరకలేదు. అదే ఆయనను భయపెట్టింది. భయపడుతున్న మనిషికి ఇన్ని సత్యాలు ఇంత సులువుగా దొరకకూడదు.

తొమ్మిదో రోజు ఉదయం సువర్చల పెసరట్టు వేసి పళ్ళెం తెచ్చేసరికి ఆయన పత్రికలో ఒకే చోట చూస్తూ ఉన్నాడు.

"చల్లారిపోతుంది. అంత ముంచుకొచ్చే వార్త ఏమిటండీ?"

ఆయన పత్రిక ఆమె వైపు తిప్పాడు. లోపలి పేజీలో చిన్న వార్త. మంచుచరియ కింద ముగ్గురు జవాన్లు. వాతావరణం అనుకూలంగానే ఉన్నది. నియమావళి ప్రకారం నాలుగు గంటల అన్వేషణ అనంతరం సహాయక చర్యలు నిలిపివేసినట్లు అధికారులు తెలిపారు.

ఆమె చదివి, "పాపం," అంది. తర్వాత ఆయన ముఖం చూసింది. నలభై ఏళ్ళు ఒక సైనికాధికారితో కాపురం చేసిన మనిషి ఆమె. "ఇంకేదో ఉంది. చెప్పండి."

ఆయన లేచి బీరువా తెరిచి చుట్టలు తెచ్చి భోజనాల బల్ల మీద పెట్టాడు. ఏది ఎవరిదో, ఎన్ని గంటలో చెప్పాడు. సువర్చల వింటూనే ఆఖరి చుట్టను విప్పుకుంటూ పోయింది. అది బల్ల పొడవునా సాగింది.

"కాశిం అంటే, ఆ గిద్దలూరు పిల్ల భర్తేనా?"

"అవును."

"నేను వెళ్ళాను వాళ్ళింటికి. ఆ పిల్లను ఒళ్ళోకి తీసుకొని, బాధ పడలేదమ్మా అని ఈ నోటితో చెప్పాను. ఎన్నిసార్లు చెప్పానో." ఆమె చేయి గీత మీదే ఉంది. "ఆ మాట నాదే కదా."

"సంతకం నాది."

"నన్ను వెనకేసుకు రాకండి. నేను ఏడుస్తున్న మనిషికి చెప్పమని ఇచ్చాను ఆ మాట. దాన్ని రిపోర్టులోకి మోసింది ఎవరు? రూలు చేసిందెవరు? అది నేను చెప్పలేదు మీకు."

ఆయన మిగిలిన నాలుగు చుట్టలనూ ఒక పక్కకు జరిపాడు.

"ఇవి ఎప్పుడొచ్చాయి?"

"తొమ్మిది రోజులైంది."

"తొమ్మిది రోజులూ ఏం చేశారు?"

"ఆలోచించాను."

సువర్చల పత్రికలోని ముగ్గురి పేర్లనూ వేలితో చూపించింది. "వీళ్ళ తరఫున కూడా మీరే ఆలోచించారా?"

ఆమె వంటింట్లోకి వెళ్ళిపోయింది. పెసరట్టు పళ్ళెంలో గట్టిపడింది. ఆ ముగ్గురు ఎన్ని గంటలు బతికారో ఆయనకు తెలియదు. రెండే కావచ్చు. ఒక్క క్షణమే కావచ్చు. కావచ్చు అన్న మాట మీద ఇన్నేళ్ళు నిలబడ్డ మనిషి, ఆ రోజు దాని మీద కాలు పెట్టలేకపోయాడు.

*

శాఖ ముఖ్య కార్యదర్శి విఠల్ మర్యాదస్తుడు. నియమం మార్చమని పానకాలరావు రాసిన కొత్త నివేదిక ముసాయిదా మూడుసార్లు చదివి, కాగితాలు సరిచేసి బల్ల మీద పెట్టాడు.

"సార్, తమరు పెద్దవారు. ఒక్క మాట. ఇందులో రెండో పేరా అవసరమా?"

రెండో పేరాలో, పాత నివేదికలోని 'తక్షణ మరణం' అన్న అంశానికి ఆధారం ఏదీ లేదనీ, అది తాను కుటుంబాలకు రాసిన ఓదార్పు ఉత్తరానికి అనుగుణంగా చేర్చినదనీ పానకాలరావు రాశాడు.

"అదే అవసరం. మిగిలినదంతా డాక్టరమ్మ రాయగలదు."

"సైన్సు కొత్త సంగతి కనుక్కుంది, అందుకని నియమం మార్చండి అంటే సరిపోతుంది కదండీ. ఎవరి తప్పూ ఉండదు. మీ పేరు మీద ఒక కళాశాల ఉంది, ఒక వీధి ఉంది. పత్రికలవాళ్ళు ఊరుకుంటారా?"

"సైన్సు కనుక్కున్నది అంటే, ఐదు నమూనాలు చాలవు, ఐదొందలు కావాలి అంటారు. పదేళ్ళు పడుతుంది. పునాదిలో ఇటుక లేదని, పెట్టాల్సినవాడే పెట్టలేదని చెబితే గోడ ఈ రోజే కూలుతుంది."

విఠల్ ముసాయిదాను దస్త్రంలో పెట్టాడు. "గోడలు అంత సులువుగా కూలవు సార్. నేను ముప్పై ఏళ్ళుగా చూస్తున్నాను."

నివేదిక ఆ సాయంత్రమే ఢిల్లీకి వెళ్ళింది. దానితోపాటు పానకాలరావు రాజీనామా ముఖ్యమంత్రి కార్యాలయానికి వెళ్ళింది. వారం రోజులకు రాజీనామా ఆమోదం వచ్చింది. నివేదికకు మాత్రం, అందినది, పరిశీలనలో ఉన్నది అని రెండు వాక్యాల జవాబు వచ్చింది. ఆ మాట విలువ ఆయనకన్నా బాగా ఎవరికి తెలుసు? ఢిల్లీలో ఉన్న పాత సహచరులకు ఫోన్లు చేశాడు. ఇద్దరు ఎత్తారు. ఒకడు, "ఆండే, నువ్వు ముసలివాడివయ్యావు, విశ్రాంతి తీసుకో," అన్నాడు.

*

మస్తానమ్మ ఇల్లు రోడ్డుకు దగ్గరే. ముందుగదిలో పైకప్పు దాకా పరుపులు, దిండ్లు. పక్కన సగం కుట్టిన బొంత. వచ్చినది ఎవరో చూసి ఆమె సూది పక్కన పెట్టింది.

"మీరే వచ్చినారా సార్? ఫోను చేస్తే నేనే వచ్చేదాన్ని గదా."

"నేనే రావాలమ్మా." ఆయన పరుపు అంచున కూర్చున్నాడు, చుట్టను ఒళ్ళో పెట్టుకున్నాడు. "నేను రాసిన మాట నిజం కాదు. కాశిం వలి ముప్పై ఒక్క గంటలు బతికాడు."

బయట ఎవరో పిలిస్తే, "రేపు రాండి, ఈ పొద్దు అమ్మను," అని కేకేసి తలుపు దగ్గరికి వేసి వచ్చింది.

"చదవండి."

"మొత్తంగా చెప్పాలంటే..."

"మొత్తంగా మీరు ఒకసారి చెప్పినారు సార్. ఈసారి ఒక్కో గంట చదవండి. ఆ రెండు దినాలు నేనేం చేసినానో నాకు బాగా గ్యాపకం. ఇరవై రెండేండ్లుగా దాన్నే నెమరేసుకుంటా ఉండా."

ఆయన చుట్ట విప్పాడు. "మొదటి గంట. గురువారం పదకొండు నుంచి పన్నెండు. గీత చాలా ఎత్తున ఉంది."

"పెండ్లి పరుపు కొట్టిచ్చుకోను రాచర్లోళ్ళు వచ్చినారు. దూది ఏకతన్నా."

"రెండో గంట. ఇంకా ఎత్తు."

"బాజీగాడు కాలి మీద రాయేసుకున్నాడు. ఏడస్తా ఉంటే కొట్టినా."

మూడు. నాలుగు. ఆయన చదువుతున్నాడు, ఆమె తన గంట చెబుతున్నది. ఐదో గంట దగ్గర ఆయన ఆగాడు.

"ఈ గంటలో నేను వెతకడం ఆపించాను."

"ఎందుకు సార్?"

ఆయన పగులు గురించి చెప్పాడు. అరవై మంది గురించి, రెండు గంటల తర్వాత కూలిన చరియ గురించి చెప్పాడు. తన గొంతు సంజాయిషీలా వినిపించకుండా ఉండాలని ప్రయత్నించాడు; కుదరలేదు.

"ఆ అరవై మందిలో ఎవురికన్నా ఏమన్నా అయిందా?"

"లేదమ్మా. అందరూ దిగివచ్చారు."

ఆమె బొంత కుట్టును వేలితో సరిచేసింది. "ఆ సంగతి రాసుంటే అయిపొయ్యేది గదా సార్. అరవై మంది బిడ్డల కోసం నీ మొగుణ్ణి ఇడిసిపెట్టినాం అని రాసుంటే, మిమ్మల్ని తిట్టుకుంటా ఏడ్చేదాన్ని. ఏడ్చి, ఆయన ఊరకే పోలేదులే అనుకునేదాన్ని. మీరు నాకు అది గూడా ఇయ్యలేదు."

ఆయన వేలు ఐదో గంట మీదే ఉంది.

"ఆరో గంట చదవండి."

రాత్రి గంటలన్నిటికీ ఆమె ఒకే మాట చెప్పింది: "పండుకొని ఉన్నా." ప్రతిసారీ ఆ మాట కొంచెం కొంచెం చిన్నదైంది. తెల్లవారింది. శుక్రవారం పది దాటింది. ఇరవై ఏడో గంట దగ్గర గీత ఒక్కసారిగా కిందికి దిగి, దాదాపు చదునుగా సాగింది.

"ఇక్కడ తగ్గింది," అన్నాడు.

"తగ్గిందా?" ఆమె ముందుకు వంగింది. "ఎందుకు తగ్గింది సార్?"

ఏదో ఒక మాట చెప్పవచ్చు. నిద్రపట్టి ఉంటుంది అనవచ్చు. మనసు కుదుటపడి ఉంటుంది అనవచ్చు. చెబితే ఆ ముఖం కాస్త తేటపడుతుందని ఆయనకు తెలుసు. దయ అంత దగ్గరగా, అంత చవకగా ఉంది.

"తెలియదమ్మా. యంత్రానికి తెలియదు. నాకు తెలియదు."

"ఏళ ఎంత?"

"ఒంటిగంట నుంచి రెండు."

"శుక్రవారం. నమాజు ఏళ," అంది మస్తానమ్మ.

ముప్పై ఒకటో గంట చదివి ఆయన కాగితం ఒళ్ళో పెట్టుకున్నాడు. ఆ గంటకు ఆమె తన పని ఏమిటో చెప్పలేదు. చుట్టను ఆయన ఒళ్ళోంచి తీసుకొని, మడత పడకుండా మెల్లగా చుట్టింది. అది ఆమె దగ్గర ఉంచడానికే ఆయన తెచ్చాడు.

"బాజీ పోయిన వారమే పైకెక్కినాడు సార్."

ఆయనకు ఆ సంగతి తెలియదు. తెలిసినట్టు తల ఊపబోయి ఆగాడు.

"వాళ్ళ కాడ మంచు పడితే ఎన్ని గంటలు ఎతుకుతారు?"

"నేను రాసి పంపానమ్మా. నియమం మార్చమని..."

"ఎన్ని గంటలు సార్?"

"ఈ రోజుకు నాలుగే."

మస్తానమ్మ చుట్టను దారంతో కట్టి మళ్ళీ ఆయన చేతిలోనే పెట్టింది.

"మరి ఇది నా కాడెందుకు? ఎవురు మార్చాలో వాళ్ళ ముందర కూచోని, నాకు చదివినట్టు చదవండి. ఒక్కో గంట." తలుపు బార్లా తెరిచింది. "లెయ్యండి సార్. గిద్దలూరులో నాలుగింటికి రైలుంది."